అంగట్లో అనకూడని మాట

"కర్పూరం ఆర్పించినాడంట మ్మే శెట్టి, కర్పూరం!" అంటూ గుణశేఖర్ మెట్లెక్కి ఆఫీసులోకి వచ్చాడు. చెప్పులు గడప దగ్గర విదిలించి, ఫ్యాను కిందికి కుర్చీ లాక్కుని కూలబడ్డాడు. నవ్వుతున్నాడు. నవ్వొచ్చే సంగతేనా అది!

సుకన్య తెర మీంచి చూపు తిప్పలేదు. "ఎవురితో అన్నా?"

"జమ్మలమడుగు అంగట్లో కూచునే పాప ఉంది గదా, సుధ. ఆ పాపతో. పెండ్లోళ్లు మంచి గడియ చూసుకోనొచ్చి ఒక పట్టుచీర ఎంచుకొని పోయినారు. ఈ పాప దాన్ని ఎత్తిపెట్టల్యా. ఆ చీర పులివెందులలో అమ్ముడుబోయింది. పెండ్లోళ్లు మళ్లొచ్చి మా చీర యాడ అని శెట్టిని అంగడి ముందర నిలబెట్టి కడిగేసినారంట. ఈ పాపేమో నేను నొక్కినా, టిక్కు గూడా పడింది అని ఒకటే పాట. శెట్టికి మండి, లచ్చిందేవి పటం ముందర పళ్లెంలో కర్పూరం ముట్టించి, నొక్కిందానివైతే ఆర్పు అనినాడు."

సుకన్య వేళ్లు కీబోర్డు మీద ఆగిపోయాయి. "ఆర్పిందా?"

"ఆర్పింది! అరచెయ్యి పెట్టి అదిమేసింది. దాని గుండె చూడు. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, పని చేసేది ల్యా, పైన దేవుని ముందర ఉత్త ప్రమాణం. శెట్టి అప్పటికప్పుడే ఇంటికి పంపిచ్చేసినాడు."

శెట్టి అంటే రామకృష్ణయ్య శెట్టి. ప్రొద్దుటూరులో పెద్ద జవళి అంగడి ఆయనది. అది గాక జమ్మలమడుగులో ఒకటి, పులివెందులలో ఒకటి, రెండు చిన్న అంగళ్లు. మంచి మంచి పెండ్లి చీరలన్నీ ప్రొద్దుటూరు బీరువాల్లోనే ఉంటాయి, ఒక్కో రంగుకు ఒక్కటే చీర. మిగతా రెండూళ్లలో తెర మీద బొమ్మ చూపించి బేరం చేస్తారు. ఎవరైనా ఒక చీర మీద మనసు పడితే ఆ బొమ్మ పక్కన 'ఎత్తిపెట్టు' అనే మీట నొక్కాలి. అప్పుడు మిగతా అంగళ్లలో ఆ చీర ఎత్తిపెట్టినట్టు కనపడుతుంది, దాన్ని ఇంకెవరూ అమ్మరు. ఆ బొమ్మల పేజీ ఎవరో ఎప్పుడో చేసిచ్చి పోయినది. దాన్ని విప్పి మార్చే దారి లేదు. అందుకే గుణశేఖర్ ఆఫీసు నుంచి బ్రౌజరుకే ఒక ఎక్స్‌టెన్షన్ రాసి తగిలించారు. పేజీ పాతదే, మీట మాత్రం వీళ్లది. ఆ మీట రాసింది సుకన్య.

"నువ్వేం చెప్పినావన్నా శెట్టికి?" అంది సుకన్య.

"ఉండేదే చెప్పినా. టిక్కు పడిందంటే చేరినట్టే, చేరల్యా అంటే నొక్కనట్టే, మన సాఫ్టువేరులో తిరకాసు ల్యా అని."

సుకన్య కుర్చీని గిర్రున తిప్పింది. "అది ఉండేదేనా? ఉగాది ముందర ఆ టిక్కును నాతో ఎట్ల మార్పిచ్చినావో అప్పుడే మర్చిపోతివా?"

గుణశేఖర్ బల్ల మీద పేపరు తీసి మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. మర్చిపోయినవాడు అట్లా పేపరు వెతుక్కోడు.

మొదట సుకన్య రాసినప్పుడు ఆ టిక్కు అంత తేలిగ్గా పడేది కాదు. మీట నొక్కిన సంగతి కనిపెట్టే కోడు ఒకటి పేజీ మీద కాపలా కూచుంటుంది. అది తనంతట తాను ప్రొద్దుటూరితో మాట్లాడదు. బ్రౌజరు వెనకాల ఇంకో కోడు ఉంటుంది, దానికి కబురు చెప్తుంది. ఆ వెనకది ప్రొద్దుటూరు సర్వరుకు చెప్తుంది. సర్వరు అందింది అంటే వెనకది ముందరిదానికి జవాబు చెప్తుంది. ఆ జవాబుకు సుకన్య 'ఊఁ' అని పేరు పెట్టుకుంది. కథ చెప్పేటప్పుడు వినేవాళ్లు ఊ కొట్టకపోతే చెప్పేవాళ్లు ఆపేసి, నిద్రపోయినావా అని అడుగుతారు గదా, అట్లాగన్నమాట. ఊఁ వస్తేనే పచ్చ టిక్కు. రాకపోతే ఎర్ర ఇంటూ గుర్తు, కింద 'చేరలేదు' అనే మాట. జవాబు వస్తాంది, దారి మూయొద్దు అని వెనక కోడు ముందే చెప్పకపోతే ఆ కబురుదారి ఠక్కున మూసుకుపోతుంది. ఆ ఒక్క ముక్క తెలియక మొదట్లో సుకన్య తల బద్దలు కొట్టుకుంది. కుదిరిన రోజు తనకు తానే టీ తెప్పించుకుని తాగింది.

అంత కష్టపడి రాసినదాన్ని శెట్టి ఒక్క మాటతో తీసేయించాడు. "పొద్దున్నే అంగడి తీసి దీపం పెడితే, బోణీ గాకముందే తెర మీద ఇంటూ గుర్తా? చేరలేదు అనే మాటా? మా ఇంట్లో ఉప్పు అయిపోతే గూడా నిండుకునింది అంటాము. అంగట్లో ఆ మాట అనకూడదు, తీసేయండి" అన్నాడంట. గుణశేఖర్ వచ్చి, నొక్కగానే టిక్కు పడేటట్టు చెయ్యి మ్మే, ఒగ నిమిషం అటో ఇటో చేరకుండా యాడికి పోతాది అన్నాడు. ఊఁ అనకముందే టిక్కు ఎట్లేస్తామన్నా, అది అబద్ధం గదా అని సుకన్య గింజుకుంది. పోనీ చేరకపోతే మళ్లీ మళ్లీ పంపేటట్టన్నా రాస్తానంది. తర్వాత చూద్దాంలే అన్నాడు. ఆ తర్వాత ఇంతవరకూ రాలేదు. చెప్పింది శెట్టి, మోసుకొచ్చింది గుణశేఖర్, రాసిన చేతులు మాత్రం సుకన్యవే. అదే ఆమెకు ఇప్పుడు ఒళ్లు మండిస్తున్నది.

"ఇట్ల చూడన్నా" అని ఆమె తన కంప్యూటరులో ఆ పేజీ తెరిచింది. నెట్ లేనట్టు బ్రౌజరును నమ్మించే ఏర్పాటు ఒకటి ఉంటుంది, దాన్ని పెట్టింది. మీట నొక్కింది. పచ్చ టిక్కు టప్పున పడింది, కళకళలాడుతూ.

"నెట్టే ల్యా. అయినా టిక్కు. వెనకాల కోడు చేరల్యా, చేరల్యా అని మొత్తుకుంటానే ఉంది. ఇనే దిక్కును మనమే పీకేసినాం."

గుణశేఖర్ పేపరు దించాడు. "ఇది టెస్టింగు. ఆపొద్దు జమ్మలమడుగులో నెట్ ల్యాకుండా ఉండె అని నువ్వు చూసినావా? చూడల్యా గదా. ఊరికే లేని చిక్కు నెత్తికెత్తుకోవద్దు."

"అయితే పోయి చూసొస్తా" అంది సుకన్య.

*

మర్నాడు పొద్దున్నే ఆమె జమ్మలమడుగు బస్సెక్కింది. ఎండ అప్పుడే కిటికీలోంచి మోకాళ్ల మీద కాలుస్తున్నది. సుధను ఆమె ఒకే ఒక్కసారి చూసింది, ఎక్స్‌టెన్షన్ పెట్టడానికి పోయినప్పుడు. సన్నగా, చురుగ్గా ఉండే పిల్ల. మీట ఎట్లా నొక్కాలో చెప్తుంటే, "టిక్కు పడేదాంక నేను చూస్తానే ఉంటాలే అక్కా, నాకు మొండితనం శానా" అని నవ్వింది.

అంగట్లో సుధ కుర్చీలో హేమమాలిని అని కొత్త అమ్మాయి కూచుని ఉంది. శెట్టికి చుట్టం. సుకన్య తను సాఫ్టువేరు మనిషినని, ఒకసారి సిస్టం చూసిపోవడానికి వచ్చానని చెప్పింది. అప్పుడే దీపం పెట్టినట్టున్నారు, ఊదొత్తుల పొగ ఇంకా చీరల మడతల మీద తిరుగుతున్నది. లక్ష్మీదేవి పటం చుట్టూ ఎర్రవీ పచ్చవీ చిన్న బల్బులు ఒకదాని వెంట ఒకటి పరిగెత్తుతున్నాయి.

ఉన్నట్టుండి ఫ్యాను ఆగింది.

"కరెంటు పోయింది" అంది హేమమాలిని, విసుగు కూడా లేకుండా. "పొద్దున పూట రోజూ తీస్తారక్కా. లైన్ల పనంట, ఉగాది ముందర నుంచి ఇదే గొడవ. కంప్యూటరు ఆగదులే, ఇన్వర్టరు ఉంది."

కంప్యూటరు ఆగలేదు. పటం చుట్టూ బల్బులూ ఆగలేదు. సుకన్య చూపు గోడ మీద ఇంటర్నెట్ డబ్బా మీదికి పోయింది. దాని మీద ఒక్క దీపమూ వెలగడం లేదు, చచ్చి పడి ఉంది. ఆమె లేచి, వంగి, వైర్లను చేత్తో తడుముకుంటూ పోయింది. ఇన్వర్టరు ప్లగ్గులో కంప్యూటరు వైరు ఉంది. దాని పక్కన ఇంటర్నెట్ డబ్బా వైరు ఉండాలి. తానే స్వయంగా పెట్టించింది. ఇప్పుడు అక్కడ అమ్మవారి బల్బుల వైరు ఉంది. డబ్బా వైరును తీసి పక్క గోడకున్న మామూలు ప్లగ్గులో గుచ్చారు.

"ఇది ఎవురు మార్చినారు?"

"శెట్టి మామే. కరెంటు పోతే అమ్మోరి దీపాలు ఆరిపోతాండాయి, అపశకునం అని దాన్నీడ పెట్టిచ్చినాడు. ఆ డబ్బాకేముందిలే, కరెంటొస్తే అదే వస్తాది."

సుకన్య కౌంటరు దగ్గరికి వచ్చి, ఏదో ఒక చీర బొమ్మ పక్కన మీట నొక్కింది. టిక్కు పడింది. తన ఫోనులోంచి పులివెందుల అంగడికి చేసింది. అక్కడ కౌంటరులో ఇలియాస్ ఉంటాడు.

"బాయ్, అరటాకు పచ్చ చీర, నెమలి కడ్డీ అంచుది, ఎత్తిపెట్టినట్టు మీకు కనపడతాందా?"

"ల్యా మ్మా, ఉత్తగానే ఉంది. అమ్మేదానికే పెట్టినారు" అన్నాడు ఇలియాస్. ఆగి, గొంతు తగ్గించి, "ఆపొద్దు ఆ పెండ్లి చీర గూడా ఇట్లనే ఉండె మ్మా. ఎత్తిపెట్టినట్టు ఉండింటే నేనెందుకు అమ్ముతా? పాపం, ఆ పాప చెయ్యి కాల్చుకునిందంట గదా" అన్నాడు.

ఫోను పెట్టేసి సుకన్య ఆ పచ్చ టిక్కును చూస్తూ నిలబడింది. థూ, నా బతుకు చెడ అనుకుంది. ఆ టిక్కును తెర మీంచి గోటితో గీకెయ్యాలనిపించింది.

*

సుధ వాళ్లది కొండాపురం దగ్గర కాలనీ. గండికోట రిజర్వాయరు నీళ్లలో ఊరు మునిగితే కట్టిచ్చిన ఇండ్లు. ముద్దనూరు మీదుగా బస్సు పట్టుకుని, దిగి, ఎండలో నడిచి పోయింది సుకన్య. ఇండ్ల వరస చివర ముళ్లకంప దడి, దడి లోపల గొర్రెలు. ఒకామె తొట్టిలో నీళ్లు పోస్తూ ఉంది. సుధ తల్లి చౌడమ్మ.

ఫలానా అని చెప్పగానే చౌడమ్మ బిందె దించింది. "ఇంగా ఏం మిగిలిందని వచ్చినావు తల్లీ? ఆ పాపిష్టిది చేసిన పనికి నా జీవం పోయింది. చూడి గొర్రె. నిన్న పొద్దున పండుకున్నది పండుకున్నట్టే సచ్చింది."

"రోగమేమన్నా..."

"రోగమా! దేవుని ముందర ఉత్త ప్రమాణం చేస్తే ఊరికే పోతాదా? కాలనీ అంతా అదే అంటాంది. నిప్పు ల్యాకుండా పొగ రాదంట. ఎవురి నోరని మూసేది?"

ఇంటి అరుగు మీంచి ఒక గొంతు వచ్చింది. "నువ్వు ముందర నీ నోరు మూయి మా. తర్వాత ఊరోళ్లది."

సుధ అరుగు మీద కూచుని ఉంది. కుడి అరచేతికి ఏదో ఆకు పసరు పూసి గుడ్డ చుట్టి ఉంది. సుకన్యను చూసి లేవలేదు, రా అనలేదు. సుకన్యే పోయి పక్కన కూచుంది. చెయ్యి చూపించమంటే చాలాసేపటికి గుడ్డ విప్పింది. అరచేతి నడుమ రూపాయి బిళ్లంత బొబ్బ. పగిలి, అంచులు నల్లబడి ఉంది.

"అంతసేపు ఎందుకు పెట్టినావు? ఆరిన తర్వాత తీసేయొచ్చు గదా" అంది సుకన్య.

"ఆరిందని తెలుసు. శెట్టి మొగం చూస్తా పెట్టినా" అంది సుధ. "నేను నొక్కినా అక్కా. పెండ్లోళ్లు నా ముందరే కూచోనుండారు. కరెంటు ల్యాకపోతే చీరల పెట్టె మూతలతో ఇసురుకుంటాండారు. ఆ పెద్దామె, నొక్కమ్మా నొక్కు, రాహుకాలం వస్తాది అని తొందర పెట్టె. నొక్కినా. టిక్కు చూసినా. చూడందే నేను లేయను. ఆ టిక్కు రాసింది నువ్వే గదా?"

"నేనే."

"మరి?"

సుకన్య అంతా చెప్పింది. డబ్బా వైరు, బల్బులు, బోణీ, ఇంటూ గుర్తు, ఊఁ అనేదాన్ని తీసేసిన సంగతి. ఏదీ దాచలేదు. చెప్తుంటే సుధ మొహం ఎర్రబడి, మళ్లీ పాలిపోయింది. చౌడమ్మ దడి దగ్గరే నిలబడి విన్నది. ఆమెకు ఏమర్థమైందో ఏమో, కొంగుతో మొహం తుడుచుకుని, "మిషన్ల సంగతి నాకు తెల్దు తల్లీ. టిక్కంటావు, వైరంటావు. కర్పూరం సంగతి నాకు తెలుసు. ఆదివారం దీన్ని చౌడేశ్వరమ్మ గుడికి తోల్కపోతా. తప్పయిపోయిందమ్మా అని అందరి ముందర లెంపలేసుకుంటాది. అంతే, ఇంగో మాట ల్యా" అని బిందె ఎత్తుకుని పోయింది.

"చూస్తివా" అంది సుధ. "చేయని తప్పు గుళ్లో నిలబడి ఒప్పుకోవాలంట. ఒప్పుకున్న్యాక జమ్మలమడుగులో ఏ అంగట్లో కూచోబెట్టుకుంటారు నన్ను? దొంగ ప్రమాణం చేసినదని పేరు పడితే ఈ కాలనీలో నాతో మాట్లాడేది ఎవురు? మా యమ్మే నమ్మకపాయె."

"నీ తప్పు ల్యా సుధా. నేను కండ్లారా చూసినా."

"నాకెందుకు చెప్తాండావక్కా ఆ మాట?" సుధ గుడ్డను పళ్లతో లాగి ముడేసుకుంది. "నాకు తెలుసు గదా నేను నొక్కిన సంగతి. పో. కర్పూరం ముట్టిచ్చినోనికి చెప్పు."

*

"పిచ్చి పట్టిందా నీకు?" అన్నాడు గుణశేఖర్. పక్క బల్లల దగ్గరున్న ఇద్దరూ తలలు వంచుకుని తమ పనిలో ఉన్నట్టు నటిస్తున్నారు. "కొత్త వెర్షను రాయి. ఊఁ పెట్టుకో, ఆఁ పెట్టుకో, నీ ఇష్టం. రెండు దినాల్లో మూడంగళ్లకూ సద్దు ల్యాకుండా పెట్టేద్దాం. శెట్టికి చెప్పే పనే ల్యా."

"సుధ సంగతి?"

"నేను మాట్లాడతాలే. పోనీలే శెట్టీ, చిన్నపిల్ల, తప్పు చేసింది, క్షమించు అని చెప్తా. ఆయప్ప మనసు మెత్తనే. మళ్లా కూచోబెట్టుకుంటాడు."

సుకన్యకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఏడుపు కాదు, కోపం. అది వస్తే ఆమెకు ముందు కళ్లే తడుస్తాయి, ఆ సంగతికి ఆమెకు ఇంకా కోపం. "క్షమించేదా? ఎవురిని ఎవురన్నా క్షమించేది? ఆ పిల్ల చెయ్యి చూసినావా నువ్వు? బొబ్బ పగిలి రసి కారతాంది. ఆమె చెప్పింది నిజం, ఆర్పింది నిజం. అబద్ధం చెప్పింది ఎవురో చెప్పనా? మన టిక్కు చెప్పింది. దానెనక నువ్వు చెప్పినావు."

"చెప్పేవానికి ఇనేవాడు లోకువని, ఊరికే మీదికొస్తాండావు! ఈ నలుగురం అన్నం తింటాండేది ఆ శెట్టి పని మీద. మీ సాఫ్టువేరు దొంగది అని ఆయన నోట్లోంచి ఒక్క మాట వచ్చిందంటే ప్రొద్దుటూరు జవళి బజారులో మనల్ని గడప తొక్కనిచ్చేది ఎవురు? రేపు శుక్రవారం శెట్టి పూజకు జమ్మలమడుగు పోతాడు. ఆయన కార్లోనే నేనూ పోయి, నాలుగు మంచి మాటలు చెప్పి వస్తా. నువ్వు నోరు మూసుకోనుండు."

"నేనూ వస్తా."

"వస్తే మళ్లా ఈ మెట్లెక్కొద్దు."

సుకన్య బల్ల సొరుగు తెరిచింది. చార్జరు, దువ్వెన, సగం తిన్న బిస్కెట్ల పొట్లం తీసి బ్యాగులో వేసుకుంది. మెట్లు దిగుతూ సుధకు ఫోను చేసి, అమ్మను తీసుకుని రేపు పొద్దున అంగడి దగ్గరికి రమ్మంది. "మా యమ్మ రాదు" అంది సుధ. "ఆ అంగట్లో మళ్లా కర్పూరం ఎలిగిస్తారని చెప్పు, వస్తాది" అంది సుకన్య.

*

శుక్రవారం పూజకు రామకృష్ణయ్య శెట్టి పట్టుపంచె కట్టుకుని వచ్చాడు. నుదుట కుంకుమ, వేళ్లకు ఉంగరాలు. చెడ్డ మనిషి కాదు, అనాథలకు అన్నం పెట్టిస్తాడు, పనివాళ్ల పెండ్లిండ్లకు చీరలు పెడతాడు. తన అంగట్లో తన మాట కాకుండా ఇంకోటి నిజమవుతుందని మాత్రం ఆయన ఎన్నడూ అనుకోలేదు. పక్కన గుణశేఖర్ కొబ్బరికాయ పట్టుకుని నిలబడి ఉన్నాడు. సుకన్యను చూసి పళ్లు కొరికాడు. శెట్టి ఉండగా ఏమంటాడు!

హారతి అయింది. పళ్లెంలో కర్పూరం వెలుగుతూనే ఉంది. అప్పుడే బయట చెప్పుల దగ్గరికి వచ్చి నిలబడ్డారు తల్లీ కూతుళ్లు. లోపలికి రాలేదు. శెట్టి వాళ్లను చూసి మొహం పక్కకు తిప్పుకున్నాడు.

ఫ్యాను ఆగింది. అమ్మవారి బల్బులు ఆగలేదు. శెట్టి వాటిని చూసి తృప్తిగా చేతులు కళ్లకద్దుకున్నాడు.

"శెట్టిగారూ, ఒగసారి ఈడికి రాండి" అంది సుకన్య కౌంటరు దగ్గర్నుంచి. "మీ చేత్తో ఒగ చీర ఎత్తిపెట్టండి. మీకిష్టమైంది."

"నేనెందుకమ్మా?"

"అంగడి మీది, చెయ్యి మీది. అందరి ముందర మీరే నొక్కండి."

శెట్టికి అది మర్యాదగానే అనిపించింది. వచ్చి కూచున్నాడు. కనకాంబరం రంగు చీర ఒకటి చూసి, బొమ్మ పక్కన మీట నొక్కాడు. పచ్చ టిక్కు పడింది. "పడింది. బాగుంది" అన్నాడు అందరి వైపూ చూస్తూ. గుణశేఖర్ గోడ మీది డబ్బా వైపు చూశాడు, దాని మీద దీపాల్లేవు. అతని మొహం మాడిపోయింది.

సుకన్య ఇలియాసుకు ఫోను కలిపి, అందరికీ వినపడేటట్టు బల్ల మీద పెట్టింది. "బాయ్, కనకాంబరం రంగు చీర ఎత్తిపెట్టినట్టు కనపడతాందా?"

"ల్యా మ్మా. ఉత్తగానే ఉంది. ఈడ ఒగామె దాన్నే చూస్తాంది, అమ్మేదా?"

"రేయ్ ఇలియాస్!" శెట్టి ఫోను మీదికి వంగాడు. "నేన్రా. సరింగా చూడు. నేను ఇప్పుడే ఎత్తిపెట్టినా."

"సరింగానే చూస్తాండా శెట్టీ. మీరు నొక్కిండరు. నొక్కింటే ఈడ కనపడాల గదా."

"నొక్కినా రా!"

"ఏమో శెట్టీ. మీట మీద సరింగా పడిండదు చెయ్యి."

"నొక్కినా అంటాంటే! నా చేత్తో నొక్కినా! టిక్కు గూడా పడింది, అందరూ చూసినారు, నేను అబద్ధం చెప్తాండానా?" శెట్టి గొంతు అంగడి దాటి వీధిలోకి వినిపించింది.

హేమమాలిని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఇదే కుర్చీ, ఇదే బల్ల, ఇవే మాటలు. ఇదివరకు ఇవి ఎవరి నోట్లోంచి వచ్చాయో అక్కడున్న పనివాళ్లందరికీ తెలుసు. శెట్టికే కాస్త ఆలస్యంగా తెలిసింది. తెలిసిన క్షణాన ఆయన చెయ్యి మీట మీంచి దానంతట అదే వెనక్కి వచ్చింది.

"నెట్ ప్రాబ్లం శెట్టీ..." అని గుణశేఖర్ మొదలుపెట్టాడు.

"టిక్కు పడితే చేరినట్టే అనింది నువ్వు గాదా?" అన్నాడు శెట్టి, అతని వైపు చూడకుండానే.

చౌడమ్మ చెప్పులు విడిచి గడప దాటింది. ఎవరూ రమ్మనలేదు. నేరుగా పటం దగ్గరికి పోయి, ఆరిపోవడానికి వచ్చిన హారతి పళ్లెంలో ఇంకో కర్పూరం బిళ్ల వేసింది. మంట లేచింది. పళ్లెం రెండు చేతులా పట్టుకొచ్చి కౌంటరు మీద, శెట్టి ముందర పెట్టింది. ఆమె మొహంలో ఎగతాళి లేదు. దేవుని పని ఎంత భక్తిగా చేస్తారో అంత భక్తిగా చేసింది.

"నొక్కింటే ఆర్పు సామీ" అంది. "నొక్కినోనికి భయమేముంది? నా బిడ్డ ఆర్పింది."

శెట్టి మంటను చూశాడు. ఉంగరాల చెయ్యి బల్ల మీంచి ఒక్క పిసరు లేచి, మళ్లీ బల్ల మీదే పడింది. గడప అవతల సుధ గుడ్డ చుట్టిన చేతిని ఇంకో చేత్తో పట్టుకుని చూస్తున్నది. మంట చిన్నదై, నీలంగా మారి, దానంతట అదే ఆరిపోయింది. పళ్లెంలో నల్లటి మచ్చ మిగిలింది.

"ఆ పాపను... రేపట్నుంచి రమ్మను" అన్నాడు శెట్టి చివరికి, పళ్లెంతో చెప్తున్నట్టు.

"నేను రాను" అంది సుధ గడప అవతలి నుంచే. "తీసేసినారు గదా తెర మీంచి, ఆ మాట మళ్లా పెట్టియ్యి. చేరకపోతే నాకు తెలియాల. అప్పుడొస్తా."

సుకన్య తన ల్యాప్‌టాప్ తెరిచి కౌంటరు మీద పెట్టింది. ఊఁ కోసం ఆగే కోడు ఆమె దగ్గర పాతది భద్రంగానే ఉంది. దాన్ని తెచ్చి పెట్టింది. ఇంటూ గుర్తు పెట్టింది. దాని కింద మాట ఉండాల్సిన చోట ఖాళీ వదిలి, వేళ్లు కీబోర్డు మీద ఆనించి, తల ఎత్తింది.

"ఈడ ఏమని రాయమంటారు శెట్టిగారూ?"

"నీకు తెలుసు గదమ్మా."

"నాకు తెలుసు. మీరు చెప్పండి."

శెట్టి పటం వైపు చూశాడు. పనివాళ్ల వైపు చూశాడు. చెమట కుంకుమ మీంచి కారి ముక్కు మీదికి ఎర్రగా దిగింది. తాతల నాటి నుంచీ ఆ ఇంటి మగవాళ్లెవరూ అంగడి గడప లోపల అనని మాట అది. ఆయన పెదవులు కదిలాయి గాని శబ్దం బయటికి రాలేదు.

"ఇనపల్యా" అంది సుకన్య.

"చేరలేదు" అన్నాడు శెట్టి. "ఆపొద్దు ఆ పాప నొక్కింది. అది... చేరలేదు. అట్లని రాయి."

సుకన్య తల వంచి రాసుకుంది. కౌంటరు పక్కన నిలబడిన చౌడమ్మ అంతసేపూ శెట్టి నోటినే చూస్తున్నది. ఆ మాట పూర్తయ్యాక, పొలం గట్టు మీద ఎవరో కథ చెప్తుంటే విన్నట్టు నిదానంగా తలూపి, "ఊఁ" అంది. పోయి, కూతురి చేతికున్న గుడ్డ విప్పి, ఆ బొబ్బను మొదటిసారి చూసింది.